మీ స్క్రూటినీలో నిలవని ఒక నటి: నాటక పరిషత్తుల పెద్దలకు బహిరంగ లేఖ

నాటక పరిషత్తుల నిర్వాహకులకు, స్క్రిప్టులు చదివి వడపోసే పెద్దలకు, న్యాయనిర్ణేతలకు నమస్కారం.

ఈ ఏటి పోటీలకు ఎంట్రీలు పిలిచే పని మొదలైందని తెలిసి ఇప్పుడే రాస్తున్నాను. ప్రదర్శనలు అయిపోయాక రాస్తే బహుమతి రాలేదన్న కడుపుమంటతో రాసిందంటారు. నేను మీ స్టేజీల మీద వేషాలు వేసే మనిషిని. ఒక నాటక సమాజం వేసే నాటికలో తల్లిగా ఏడ్చి, గ్రీన్ రూమ్‌లోకి పరిగెత్తి, జుట్టుకు పూసుకున్న తెల్లరంగు గబగబా తుడిచేసుకుని, చీర మార్చి, తర్వాతి సమాజం నాటికలో కోడలిగా కాఫీ కప్పు పట్టుకుని వచ్చే రకం. మీలో చాలామందికి నేను ముఖపరిచయమే. పేరు రాయనందుకు ఏమీ అనుకోకండి. రేపు మళ్లీ వేషానికి పిలవాల్సింది మీ ఊళ్ల సమాజాలే కదా.

ఈ ఉత్తరంలో నేను మాట్లాడేది యాస్మినా రెజా అనే ఫ్రెంచి నటి గురించి. నటిగా మొదలుపెట్టి, నాటకాలు రాసి, ఆ నాటకాలతో ప్రపంచమంతా తిరిగిన మనిషి. ఆవిడ రాసినవి మూడు నాలుగు తీసుకుని మీ స్క్రూటినీ బల్ల మీద పెడతాను. ఒక్కటి కూడా పాసవదని నా అనుమానం. పాసవకపోతే తప్పు ఆ నాటకాలదా, మీ ఎంట్రీ ఫారానిదా అన్నది మీరే తేల్చండి.

ముందు ఆవిడ పుట్టుపూర్వోత్తరాలు. 1959 మే 1న పారిస్‌లో పుట్టారు. తండ్రిది ఇరాన్ మూలాలున్న యూదు కుటుంబం, ఆయన పుట్టిందేమో మాస్కోలో. తల్లి హంగరీ నుంచి, బుడాపెస్ట్ నుంచి వచ్చిన వయొలిన్ విద్వాంసురాలు. అంటే ఇంట్లో ఎవరికీ ఫ్రాన్స్ సొంతూరు కాదు. అలాంటి ఇంట్లో పుట్టిన పిల్ల ఫ్రెంచి భాషలో ఇవాళ ప్రపంచంలో ఎక్కువగా ఆడే నాటక రచయితల్లో ఒకరైంది. నాంతేర్ యూనివర్సిటీలో సోషియాలజీ, నాటకరంగం చదివారు. తర్వాత పారిస్‌లోనే ఉన్న జాక్ లెకాక్ నాటక పాఠశాలలో చేరారు.

ఈ లెకాక్ బడి గురించి నాలుగు మాటలు చెప్పుకోవాలి. లెకాక్ మొదట వ్యాయామం, ఆటలు నేర్పే మాస్టారు. 1956లో బడి పెట్టాడు. అక్కడ విద్యార్థి చేతికి ముందే డైలాగు కాగితం ఇవ్వరు. ఏ భావమూ లేని ముసుగొకటి ముఖానికి తొడిగిస్తారు. ఇక కళ్లెగరేయడానికి లేదు, పెదవి విరవడానికి లేదు. నడకతో, భుజంతో, ఊపిరితో చెప్పాలి. గొంతు చించుకుంటేనే నటన అనుకునే మన మైకుల ముందు నించుని ఈ పద్ధతిని తలచుకుంటే నాకు ఒక పక్క నవ్వు, ఒక పక్క అసూయ. రెజా అక్కణ్నుంచి బయటికొచ్చి మోలియేర్, మారివో లాంటి పాతవాళ్ల నాటకాల్లోనూ, కొత్త నాటకాల్లోనూ వేషాలు వేశారు. ముప్పై నిండకముందే, 1987లో, మొదటి నాటకం వేయించారు. తండ్రిని పూడ్చిపెట్టిన రోజున ఒకచోట చేరిన అన్నదమ్ములు, అక్కచెల్లి, దగ్గరివాళ్లు మాట్లాడుకునే మాటలే ఆ నాటకం. స్టేజీ మీద వాళ్లు చేసే పెద్ద పని రాత్రి వంటకు కూరగాయలు తరగడం. దానికి ఫ్రాన్స్‌లో రంగస్థలానికిచ్చే మోలియేర్ అవార్డు, అందులోనూ ఉత్తమ రచనకు వచ్చింది.

నటి రాసిందని అక్కడే తెలిసిపోతుంది. చేతికి పని లేకుండా స్టేజీ మధ్యలో నించుని దుఃఖం గురించి మాట్లాడటం ఎంత నరకమో వేషం కట్టినవాళ్లకే తెలుసు. కత్తి, క్యారెట్టు చేతికిస్తే చాలు, మాట దానంతటదే కిందికి దిగుతుంది. బల్ల దగ్గర కూర్చుని రాసే రచయితకు ఈ సంగతి ఎవరో చెప్పాలి. ఆవిడకు చెప్పనక్కర్లేదు.

ఇక ఫారం సంగతికి వద్దాం. స్క్రిప్టుతోపాటు పాత్రల పట్టిక, సెట్టు వివరం, ఇతివృత్తం, సందేశం రాసి పంపమంటారు మీలో చాలామంది. రెజా పేరును ప్రపంచానికి చేర్చిన 'ఆర్ట్' నాటకానికి ఆ ఫారం నింపుతాను.

పాత్రలు ముగ్గురు. ముగ్గురూ మగవాళ్లే. ఒక ఆడమనిషి, అందులోనూ నటి, స్త్రీ పాత్ర లేని నాటకం రాశారు! మన దగ్గర స్త్రీ పాత్ర లేని నాటికలకు పెద్ద చరిత్రే ఉంది. కాలేజీల్లో ఆడపిల్లలు వేషం వేయరని కొన్ని, నటికి పారితోషికం ఇచ్చుకోలేక కొన్ని రాయించారు. సమాజంలో మగవాళ్లందరూ ఉద్యోగాలు చేసుకుంటూ సరదాకి ఆడేవాళ్లు, డబ్బిచ్చి పిలవాల్సింది ఒక్క నటినే. అందుకని రచయితతో "రెండో ఆడవేషం తీసేయండి సార్, ఫోన్లో మాట్లాడినట్టు పెట్టేయండి" అంటారు. ఆ మాట రిహార్సల్ గదిలో నా చెవులారా విన్నాను. ఫోన్లో మాట్లాడిన ఆ చెల్లెలి వేషం నాకు రావాల్సిందే. రెజా మాత్రం ఖర్చుకు వెనకాడి కాదు, మగవాళ్ల స్నేహంలో ఉండే అధికారాన్ని దగ్గర నుంచి చూడాలని ముగ్గుర్నే పెట్టారు.

సెట్టు: ఒకే హాలు. మూడిళ్లకూ అదే హాలు. గోడ మీద బొమ్మ ఒక్కటే మారుతుంది. అంటే మీ బడ్జెట్‌కు కొలిచి కుట్టినట్టుంటుంది.

ఇతివృత్తం: సెర్జ్ అనే చర్మవ్యాధుల డాక్టరు ఒక పెయింటింగ్ కొంటాడు. తెల్లటి గుడ్డ మీద తెల్లరంగు. కళ్లు చికిలించి చూస్తే అడ్డంగా ఏటవాలుగా సన్నటి తెల్లగీతలు కనిపిస్తాయట. ఖరీదు రెండు లక్షల ఫ్రాంకులు. విమానాల ఇంజనీరైన పాత స్నేహితుడు మార్క్ దాన్ని చూసి మొహం మీదే చెత్త అనేస్తాడు. మూడోవాడు ఇవాన్. పెళ్లి కుదిరి, పెళ్లికూతురి మేనమామగారి స్టేషనరీ వ్యాపారంలో చేరినవాడు. ఎవరి దగ్గరికెళితే వాళ్లకు తలూపుతాడు. అంతే కథ. రెజా స్నేహితుడొకాయన నిజంగానే ఇలాంటి తెల్లబొమ్మ కొంటే ఆవిడ నవ్వారు, ఆయనా నవ్వాడు, స్నేహం చెడలేదు. ఆయన నవ్వకపోయుంటే ఏమయ్యేదన్న దగ్గర నాటకం పుట్టింది.

సందేశం: ఇక్కడ నా పెన్ను ఆగిపోయింది. ఆధునిక చిత్రకళ మోసమనా? కాదు. కళను గౌరవించాలనా? అదీ కాదు. స్నేహం గొప్పదనా? నాటకం చివర చూడండి. గొడవ ముదిరి కొట్టుకునేదాకా వచ్చాక, బొమ్మ కన్నా నువ్వే ముఖ్యమని చూపించడానికి సెర్జ్ ఒక స్కెచ్ పెన్ను మార్క్ చేతికిస్తాడు. మార్క్ ఆ తెల్లటి గుడ్డ మీద ఏటవాలు గీత వెంట జారిపోతున్న ఒక చిన్న స్కీయింగ్ మనిషిని గీస్తాడు, నెత్తిన టోపీతో సహా. తర్వాత ఇద్దరూ కలిసి దాన్ని కడిగేస్తారు. మరక పోతుంది. ఆ ఇంకు కడిగితే పోయేదని నీకు ముందే తెలుసా అని మార్క్ అడిగితే, తెలియదంటాడు సెర్జ్. ప్రేక్షకుల వైపు తిరిగి మాత్రం నిజం ఒప్పుకుంటాడు. తనకు ముందే తెలుసు, అబద్ధం చెప్పాడు. స్నేహం నిలబడింది, ఒక అబద్ధం మీద. దీన్ని మీ ఫారంలో సందేశం గడిలో ఏమని రాయను?

1994 అక్టోబరులో పారిస్‌లో షాంజెలీజే ప్రాంతంలోని థియేటర్లో ఇది మొదట ఆడింది. పియేర్ వానెక్, ఫాబ్రిస్ లుకీనీ, పియేర్ ఆర్దితీ వేశారు. మరుసటి ఏడు మళ్లీ మోలియేర్ అవార్డు. పారిస్‌లో ఆ నాటకం చూసొచ్చిన భార్య చెబితే హక్కులు కొన్నది ఎవరనుకున్నారు, జేమ్స్ బాండ్ షాన్ కానరీ! 1996లో ఆయన ఒక నిర్మాతగా, క్రిస్టఫర్ హాంప్టన్ ఇంగ్లీషు చేసిన ప్రతితో లండన్ విండమ్స్ థియేటర్లో వేశారు. నటులు మారుతూ ఉన్నారు, నాటకం మాత్రం లండన్‌లో ఆరేళ్లకు పైగా నడిచింది. 1998లో న్యూయార్క్ వెళ్లి ఉత్తమ నాటకంగా టోనీ అవార్డు తెచ్చుకుంది. ముప్పైకి పైగా భాషల్లోకి వెళ్లింది. లండన్‌లో దానికి ఉత్తమ హాస్యనాటకంగా ఆలివియర్ అవార్డు ఇస్తే, విషాదం రాశాననుకున్నానే అని ఆవిడ చురకేశారు. మన దగ్గరైతే సాంఘిక నాటికా, హాస్యనాటికా అని ముందే టిక్కు పెట్టకపోతే ఎంట్రీయే తీసుకోరు.

ఈ నాటకంలో నటులు ప్రాణమిచ్చే చోటొకటుంది. ఇవాన్ ఆలస్యంగా ఊడిపడతాడు. శుభలేఖలో సవతి తల్లుల పేర్లు వేయాలా వద్దా అని పెళ్లివారింట్లో రేగిన గొడవంతా ఊపిరాడకుండా చెప్పేస్తాడు. తల్లి ఫోను, పెళ్లికూతురి ఏడుపు, ఎవరి పేరు పక్కన ఎవరి పేరు. ఫుల్‌స్టాప్ దొరకని మాటలు. శుభలేఖలో 'ఆహ్వానించువారు' వరసలో పేరు తప్పిందని మానేసిన పెళ్లిళ్లు చూసిన మనకు ఆ మాటల్లో ఒక్క ముక్క కూడా పరాయిగా ఉండదు. దీనికి సరిగ్గా ఎదురుగా ఇంకో చోటు పెట్టారు. ముగ్గురూ అలిసిపోయి, ఏమీ మాట్లాడకుండా ఆలివ్ కాయలు తింటారు. కాయ తీసుకోవడం, నమలడం, గింజ ఉమ్మడం. అంతే. లెకాక్ బడిలో ముసుగేసుకుని నేర్చిన పాఠం అక్కడ కనిపిస్తుంది. అంతసేపు మాట లేకపోతే మన న్యాయనిర్ణేతలు నటుడు డైలాగు మర్చిపోయాడని మార్కులు కోసేస్తారేమోనన్న టెన్షన్‌తో వింగ్‌లోంచి ప్రాంప్టర్ అందుకుంటాడు.

రెండో ఎంట్రీ. 'మృత్యుదేవత' అనో 'మారణహోమ దేవుడు' అనో చెప్పుకోవలసిన పేరుతో 2006లో రాసిన నాటకం. మొదటి ప్రదర్శన స్విట్జర్లాండ్‌లోని జూరిక్‌లో, జర్మన్ భాషలో. పారిస్‌లో 2008లో రెజాయే డైరెక్ట్ చేశారు, ఇజబెల్ యుపేర్ నటించారు. ఇద్దరు పదకొండేళ్ల పిల్లలు పార్కులో పోట్లాడుకున్నారు, ఒకడు కర్రతో కొడితే ఇంకోడికి రెండు పళ్లు దెబ్బతిన్నాయి. నాగరికంగా మాట్లాడి తేల్చుకుందామని రెండు జంటలు ఒక ఇంట్లో కూర్చుంటాయి. పూలకుండీలో తులిప్ పూలు, బల్ల మీద ఖరీదైన చిత్రకళ పుస్తకాలు, ఇంట్లో చేసిన పండ్ల కేకు. గంటన్నరలో వాళ్లు పిల్లల కన్నా అన్యాయంగా తయారవుతారు. ఒకాయన మందుల కంపెనీ లాయరు, చేతిలో సెల్‌ఫోను వదలడు. చివరికి భార్య ఆ ఫోను లాక్కుని పూలకుండీ నీళ్లలో ముంచేస్తుంది. అంతకుముందే ఆవిడకు కడుపులో తిప్పి ఆ చిత్రకళ పుస్తకం మీద భళ్లున వాంతి చేసుకుంటుంది. తర్వాత చాలాసేపు పుస్తకాన్ని తుడవడం, హెయిర్ డ్రయ్యర్‌తో ఆరబెట్టడం, సెంటు కొట్టడం.

ఆ పేజీ దగ్గర మీ పెన్సిలు ఆగుతుందని నాకు తెలుసు. "స్టేజీ మీద వాంతా? ఫ్యామిలీలు వస్తాయి." నవరసాల్లో బీభత్సాన్ని కూడా లెక్కపెట్టింది మన పెద్దలే కదండీ. తాగొచ్చిన మొగుడు బెల్టు తీసి కొట్టే సీను నేను మీ స్టేజీల మీద పడ్డాను, చప్పట్లు కూడా కొట్టారు. దానికి ఫ్యామిలీలకు ఇబ్బంది రాలేదు.

నటీమణులుగా మేం ఈ నాటకం చదివి నీళ్లు మింగేది ఇంకో కారణానికి. నాలుగు పాత్రలు, ఇద్దరు మగ, ఇద్దరు ఆడ. నాలుగూ సమానం. ఎవరూ కాఫీ తేవడానికి లోపలికెళ్లి అరగంట కనపడకుండా పోరు. భార్యలిద్దరూ ఏడ్చేవాళ్లూ కాదు, ఓర్చుకునేవాళ్లూ కాదు. ఒకావిడ ఆఫ్రికాలో డార్ఫర్ మారణకాండ మీద పుస్తకం రాస్తూ, తన హాల్లో తనే చెయ్యి చేసుకుంటుంది. న్యూయార్క్‌లో ఆ వేషానికి మార్షా గే హార్డెన్‌కు ఉత్తమ నటిగా టోనీ వచ్చింది, నాటకానికి 2009లో ఉత్తమ నాటకంగా ఇంకో టోనీ. 2011లో రోమన్ పొలాన్‌స్కీ సినిమా తీశాడు. ఒక వేషం అలా రాసుంటే దానికి నటి ఎలా పెరుగుతుందో ఇంతకంటే రుజువు అక్కర్లేదు.

మూడో ఎంట్రీ చదివితే మీ గుమాస్తా పేజీలు పొరపాటున మూడుసార్లు ప్రింటయ్యాయని పక్కన పడేస్తాడు. 2000లో వచ్చిన ఆ నాటకంలో ఒకే సాయంత్రం మూడుసార్లు జరుగుతుంది. నిద్రపోనని మారాం చేసే పిల్లవాడు, ప్రమోషన్ కోసం ఎదురుచూసే ఖగోళ శాస్త్రవేత్త, ఒకరోజు ముందే భోజనానికి వచ్చేసిన పై అధికారి, ఆయన భార్య మేజోడుకు పడిన చిరుగు. వంటింట్లో చిరుతిండి తప్ప ఏమీ లేదు. మాటల్లో చిన్న తేడా వస్తే మూడు సాయంత్రాలు మూడు రకాలుగా తిరుగుతాయి. మొదట వియన్నాలో జర్మన్‌లో ఆడి, కొన్నాళ్లకే పారిస్ చేరింది. పారిస్ ప్రదర్శనలో రెజా తానే ఒక వేషం కట్టారు. అప్పటికి 'ఆర్ట్'తో ప్రపంచమంతా పేరొచ్చేసింది. అయినా మేకప్ వేసుకుని రోజూ స్టేజీ ఎక్కారు చూడండి, అది నాకు ఆవిడ అవార్డులన్నిటికంటే ఎక్కువ.

నా ఇష్టం అడిగితే వీటన్నిటికంటే 1995 నాటి రైలు నాటకం. పారిస్ నుంచి ఫ్రాంక్‌ఫర్ట్ వెళ్లే రైలుపెట్టెలో ఎదురెదురుగా ఒక ముసలి రచయిత, ఒక పెద్దావిడ. ఆవిడ హ్యాండ్‌బ్యాగులో ఆయన కొత్త నవలే ఉంది. పైకి తీసి చదవాలా? చదివితే ఆయన చూస్తాడు. నాటకంలో చాలా భాగం ఇద్దరూ తమలో తాము అనుకునే మాటలే. రెండు కుర్చీలు చాలు ఆడటానికి.

ఆవిడ మీద నాకు భక్తి ఏమీ లేదు. ఆవిడ నాటకాల్లో మనుషులంతా డాక్టర్లు, లాయర్లు, సైంటిస్టులు. నెలాఖరుకి అద్దె ఎలా కట్టాలా అని బెంగపడే మనిషి ఆవిడ హాళ్లలో అరుదు. ప్రభుత్వ గ్రాంట్లతో నడిచే థియేటర్ల వైపు ఉండే ఫ్రెంచి విమర్శకులు కొందరు ఆవిడవి డబ్బున్నవాళ్లు టికెట్ కొని నవ్వుకుపోయే నాటకాలని తేల్చేశారు కూడా. ఆ మాటలో కొంత నిజముంది. కానీ ఆ హాళ్లలో జరిగే చిన్నచిన్న అవమానాలు మన హాళ్లలో జరగవా? బంధువు కొన్న ఫ్లాటు ఖరీదు విని మనసులో చచ్చి పైకి నవ్వే మనుషులం కదూ మనం? మన నాటికల్లో ఆ మనుషులెందుకు రావడం లేదు? రైతు ఆత్మహత్య, వృద్ధాశ్రమం, విదేశాల్లో కొడుకు. మంచి విషయాలే, నేనూ వాటిలో వేసి బతికాను. అయితే సందేశం గడి నింపడానికి సులువని అవే వస్తున్నాయి. చివరి ఐదు నిమిషాల్లో ఎవరో ఒకరు ముందుకొచ్చి, లైటు పడ్డాక, ప్రేక్షకులకు నీతి చెప్పాలి. ఆ 'ఎవరో ఒకరు' చాలాసార్లు నేనే.

నటి రాయడం రెజాతో మొదలైంది కాదు. సారా బెర్న్‌హార్ట్ అంతటి మహానటి 1888లో సొంతంగా నాటకం రాసి వేయించింది. రెజా కాలంలోనే ఆగ్నెస్ జావీ అనే ఇంకో ఫ్రెంచి నటి ఉన్నారు. జాన్-పియేర్ బాక్రీ అనే నటుడితో కలిసి ఒక నాటకంలో నటిస్తూ పరిచయమై, ఇద్దరూ కలిసి రాయడం మొదలుపెట్టారు. వాళ్ల 1994 నాటకం ఒక కుటుంబం నడుపుకునే కెఫేలో ఒక రాత్రి. కోడలి పుట్టినరోజు. బహుమతి విప్పి చూస్తే మెడలో వేసుకునే నగ. కానీ కోడలు దాన్ని కుక్కకు కట్టే పట్టీ అనుకుని, కుక్కకింత ఖరీదైనదెందుకని మొహమాటపడుతుంది! ఆ ఇంట్లో ఆవిడ స్థానమేమిటో ఇంకెవరూ డైలాగు చెప్పనక్కర్లేదు. జావీ తానే అందులో ఆడపడుచు వేషం వేశారు. మన నాటికల్లో అత్తాకోడళ్ల సీన్లకు కొదవ లేదు, ఇంత చిన్న వస్తువుతో పని ముగించిన సీను నాకు మాత్రం తగల్లేదు.

నాలుగో ఎంట్రీ కూడా పెట్టేస్తాను, ఇది మన గుండెకు దగ్గరిది. 2020లో రెజా ఒక ఏకపాత్ర నాటకం పారిస్‌లోని లా కొలీన్ థియేటర్లో వేయించారు. ఆన్-మరీ అనే ముసలి నటి, జీవితమంతా చిన్న వేషాలే వేసింది. కలిసి మొదలుపెట్టిన స్నేహితురాలు పెద్ద తారైంది, ఇప్పుడు ఆ తార పోయింది. ఈవిడ మాట్లాడుతుంది, మోకాళ్ల నొప్పుల గురించి, మొగుడి గురించి, గ్రీన్ రూమ్ గురించి. ఈ వేషం ఆండ్రే మార్కోన్ అనే నటుడు వేశాడు, అంటే మగవాడు, వెక్కిరింత లేకుండా. స్థానం నరసింహారావు గారు ఆడవేషం కడితే స్త్రీలే తలదించుకుని నేర్చుకునేవారని చెప్పుకునే మనకు, సురభి ఆడవాళ్లు తరతరాలుగా స్టేజీ మీద పుట్టి పెరిగిన చరిత్రున్న మనకు ఈ నాటకం అర్థం కాకపోతే ఇంకెవరికి అర్థమవుతుంది? ఆన్-మరీ వయసు దగ్గరికి వస్తున్న నటీమణులు మన గ్రీన్ రూముల్లో చాలామంది ఉన్నారు. వాళ్ల కథ వాళ్లు చెబితే రాసుకుపోయి 'మూలకథ, నాటకీకరణ' అని తమ పేరు వేసుకున్న సమాజాన్ని కూడా నేనెరుగుదును. పేరు చెప్పను.

డబ్బు సంగతి ఎత్తకుండా ఈ ఉత్తరం పూర్తి కాదు. ఫ్రాన్స్‌లో నటి రచయిత్రిగా బతకగలిగిందంటే దాని వెనక ఒక ఏర్పాటుంది. 1777లో బోమార్షే అనే నాటక రచయిత, తమ లెక్కలు సరిగా చెప్పని కొమెదీ-ఫ్రాన్సేజ్ నాటక సంస్థ నటుల మీద కోపంతో తోటి రచయితల్ని భోజనానికి పిలిచి సంఘం కట్టాడు. విప్లవం వచ్చాక 1791లో, నాటకం రచయిత సొత్తని, అనుమతి లేకుండా ఆడకూడదని చట్టమే వచ్చింది. ఆ సంఘం వారసులే ఇవాళ్టికీ నాటకం ఆడిన చోటల్లా టికెట్ రాబడిలో రచయిత వాటా వసూలు చేసి ఇస్తారు. మన పరిషత్తుల్లో టికెట్టే లేదు, అందులో ఎవర్నీ తప్పుపట్టను, దాతల చందాలతో మీరు పందిరి ఎలా వేస్తున్నారో చూస్తూనే ఉన్నాను. అయినా ఉత్తమ ప్రదర్శనకిచ్చే నగదు, ఉత్తమ రచనకిచ్చే నగదు పక్కపక్కన పెట్టి చూడండి. లైటింగ్ బిల్లు కూడా పక్కన పెట్టండి.

ఇప్పుడు నేను అడిగేవి చెబుతాను. కొత్త విభాగం పెట్టి 'మహిళా నాటిక' అని బోర్డు కట్టొద్దు. అలా కడితే మధ్యాహ్నం రెండింటికి, ఖాళీ కుర్చీల ముందు వేయిస్తారు, మార్చి 8 కార్యక్రమాలు చూశాం కదా. ఫారంలోంచి సందేశం గడి తీసేయండి చాలు. స్క్రిప్టు పరిశీలించే ముగ్గురిలో ఒకరు, కనీసం ఒకరు, స్టేజీ మీద వేషం వేస్తున్న నటి ఉండాలి. రిటైరైన తెలుగు లెక్చరర్ల మీద నాకు గౌరవమే, కానీ ఏ డైలాగు నోట్లో తిరగదో మాకు చదవగానే తెలుస్తుంది. పరిశీలనకొచ్చే ప్రతుల మీద రచయిత పేరు కప్పి ఇవ్వండి. పేరు కప్పితే రచన ఎవరిదో తెలియకుండా మార్కులు పడతాయి, పడనివ్వండి.

రెజా నాటకం ఏదైనా మన సమాజాలు ఆడాలనుకుంటే హక్కులకు ఉత్తరం రాసి, అనుమతి తెచ్చుకుని, ఆవిడ పేరుతోనే ఆడాలి. పారిస్‌ను గుంటూరు చేసి, సెర్జ్‌ను శేఖర్ చేసి, బొమ్మను బంగారం చేసి 'రచన' కింద ఇంకో పేరు వేయడం మాత్రం వద్దు. అలాంటి ఎంట్రీ వస్తే తిప్పి పంపండి.

మా నటీమణుల్లో నలుగురైదుగురం నోటుపుస్తకాల్లో రాసుకున్నవి ఉన్నాయి. బస్సుల్లో రాసినవి, వేషానికీ వేషానికీ మధ్య రాసినవి. వాటిలో ఒకదానిలో పెళ్లిచూపులకొచ్చినవాళ్లు ఎంతకీ వెళ్లరు, ఇంట్లో గ్యాస్ అయిపోయింది, ఇంకేమీ జరగదు. నిడివి యాభై నిమిషాలు. ఆడవేషాలు నాలుగు, మగవేషం ఒకటి. నాలుగు ఆడవేషాలూ పారితోషికం లేకుండా వేయడానికి మేం ఒప్పుకున్నాం, ఐదోవాడు మాత్రం మీ సమాజాల్లోంచి కావాలి, డైలాగులు తక్కువని అలగనివాడైతే మంచిది. ఎంట్రీ ఫీజు ఎంతో, గడువు ఎప్పటికో తెలియజేస్తే స్క్రిప్టు పంపుతాం. సందేశం గడి ఖాళీగా ఉంటుంది.

ఇట్లు,
మీ స్టేజీల మీద వేషాలు వేసే ఒక నటి